రోము పెద్దింటి ఆడపడుచు – పునీత ఫాబియోలా

పదహారు వందల ఏళ్ల కిందట రోము నగరంలో జీవించిన ఒక స్త్రీని గురించి ఈనాటి ప్రసంగంలో చెప్పుకుందాం. ఆమె పేరు ఫాబియోలా. క్రైస్తవులు ఆమెను పునీతురాలిగా స్మరిస్తారు. కానీ ఆమె చేసిన పని ఏ మతంవారైనా తెలుసుకోదగ్గది.

ఫాబియోలా పేరు మోసిన ఫాబియస్ వంశపు ఆడపడుచు. హానిబాల్ దండయాత్రను నిలువరించిన సేనాపతి ఫాబియస్ మాక్సిమస్ ఆ వంశంవాడే. ఆస్తికి, దాసదాసీ జనానికి కొదవలేని ఇల్లు. ఆమెను గురించి మనకు తెలిసిన సంగతుల్లో ఎక్కువభాగం, ఆమె చనిపోయాక పునీత జెరోము తన మిత్రుడు ఒషియానస్‌కు రాసిన లేఖలోనివే.

చిన్న వయసులోనే ఆమెకు పెళ్లయింది. భర్త దుర్వ్యసనపరుడు. భరించలేక విడాకులు తీసుకుంది. రోము చట్టం అందుకు ఒప్పుకుంది. తరువాత ఆమె మరో పెళ్లి చేసుకుంది. మొదటి భర్త బతికుండగా ఇది తగదన్నది క్రైస్తవ సంఘం నియమం. జెరోము ఈ సంగతి దాచలేదు. అయితే ఆ లేఖలోనే ఇంకో మాట కూడా గట్టిగా చెప్పాడు. రాజ్య చట్టం మగవాడికి ఒక తీరు, ఆడదానికి ఒక తీరు; మా ధర్మంలో మాత్రం ఆడదానికి కూడనిది మగవాడికీ కూడదు అని. ఆ కాలానికి అది చిన్న మాట కాదు.

రెండో భర్త కూడా చనిపోయాడు. అప్పుడు ఫాబియోలా, ఈస్టర్ పండుగ ముందురోజున, లాటరన్ దేవాలయం దగ్గర జుట్టు విరబోసుకుని, ముతక బట్ట కట్టుకుని, పశ్చాత్తాపపడేవారి వరుసలో నిలబడింది. అంత పెద్దింటి బిడ్డ నలుగురిలో తల వంచి నిలబడటం చూసి ఊరంతా కంటతడి పెట్టిందట. సంఘం ఆమెను తిరిగి చేర్చుకుంది.

కన్నీళ్లతో ఆమె ఊరుకోలేదు. ఆస్తి అమ్మేసింది. క్రీస్తు శకం 390 ప్రాంతంలో రోములో రోగుల కోసం ఒక ఆసుపత్రి పెట్టింది.

ఆసుపత్రి పెట్టడం గొప్పేముంది అని మీకు అనిపించవచ్చు. ఆనాటి పరిస్థితి చూడండి. సైనికులకు దండు విడిదిలో వైద్యశాల ఉండేది. పెద్ద కమతాల్లో బానిసలు మళ్లీ పనికి రావాలని వారికో గది ఉండేది. ధనవంతుడి ఇంటికి వైద్యుడే వచ్చేవాడు. మరి దిక్కులేని పేదవాడు? వీధే గతి. అంతకు ముందు కాలంలో కొందరు యజమానులు, జబ్బుపడిన బానిసలను టైబర్ నదిలోని దీవిలో వదిలేసి పోయేవారు. అలా వదిలేసినవాడు బతికి బట్టకడితే ఇక స్వతంత్రుడేనని క్లాడియస్ చక్రవర్తి శాసనం చేయవలసి వచ్చింది. తూర్పున కైసరయలో బాసిలు అనే బిషప్పు 370 ప్రాంతంలో పేదలకు, రోగులకు ఆశ్రయం కట్టాడు. రోములో అలాంటి పనికి మొదట పూనుకున్నది ఫాబియోలాయేనని జెరోము అంటాడు.

అసలు విశేషం ఇంకొకటి ఉంది. ఆమె డబ్బిచ్చి పక్కకు తప్పుకోలేదు. వీధుల్లో పడి ఉన్నవారిని తన భుజాలమీద మోసుకొచ్చింది. ఇతరులు చూడటానికే జంకే పుండ్లను తన చేతులతో కడిగింది. తినలేనివారికి తానే తినిపించింది. దానం చేసే ధనవంతులు చాలామంది ఉన్నారు, కానీ వారికి కడుపులో తిప్పుతుంది. సేవ మనుషులచేత చేయిస్తారు అని జెరోము గుర్తుచేస్తాడు.

395లో ఆమె బేత్లెహేము వెళ్లి, జెరోము దగ్గర వేదగ్రంథం చదువుకుంది. హూణుల దాడి భయంతో తిరిగి రోముకు వచ్చేసింది. ఆ తరువాత సెనేటర్ పమ్మాకియస్‌తో కలిసి పోర్టస్ రేవులో పరదేశుల కోసం ఒక సత్రం కట్టించింది. ఓడ దిగిన రోగికి, బీదవాడికి అక్కడ చోటు దొరికేది. 399లో ఆమె కన్నుమూసింది. అంతిమయాత్ర చూడటానికి జనం వీధుల్లో పట్టక ఇళ్లకప్పులు ఎక్కారు. డిసెంబర్ 27 ఆమె స్మరణ దినం. 1854లో వచ్చిన ‘ఫాబియోలా’ అనే ఇంగ్లీషు నవలలోని నాయిక మాత్రం కల్పిత పాత్ర, ఈమె వేరు.

ఇలాంటి మనిషిని మనం ఎరగనివాళ్లం కాము. మన చంద్రపూర్ జిల్లాలోనే, వరోరా దగ్గర ఆనందవనం ఉంది. సంపన్న భూస్వామి ఇంట 1914లో పుట్టి, వకీలు వృత్తి వదిలి, భార్య సాధనాతాయితో కలిసి కుష్ఠు రోగుల మధ్యే కాపురం పెట్టిన బాబా ఆమ్టే కట్టినది అది. కాలం వేరు, మతం వేరు, చేతి పని ఒక్కటే.

బొగ్గుబావి పని కోసం ఊరు వదిలి వచ్చిన కుటుంబాలకు ఈ కథ దూరమైనది కాదు. అయినవాళ్లు అవతలి రాష్ట్రంలో ఉండగా జ్వరం వస్తే, పక్కన కూర్చుని గంజి తాగించేదెవరు? దవాఖానా కట్టడానికి డబ్బు కావాలి, నిజమే. పరాయివాడి పక్కన కూర్చోవడానికి మాత్రం డబ్బు అక్కరలేదు. మీ వాడలో ఒంటరిగా మంచం పట్టినవారు ఎవరైనా ఉంటే, ఈ పూట ఒకసారి వెళ్లి పలకరించండి.