లైసెన్సుల నిలుపుదల: న్యాయ సమీక్ష

తుది నిర్ణయం ఇంకా వెలువడకపోయినా, లైసెన్సు ఆగిన నాటినుండే వర్తకునికి నష్టం మొదలవుతుంది. అట్టి తాత్కాలిక చర్యకు ముందే అతని వాదన వినవలెనా?

1955 నాటి దిగుమతుల నియంత్రణ ఉత్తర్వు ప్రకారం, ఆరోపణలపై దర్యాప్తు సాగుతుండగా, కొత్త లైసెన్సుల మంజూరును సాధారణంగా ఆరు నెలలకు మించకుండా ఆపి ఉంచే అధికారం ప్రభుత్వానికి ఉండేది. లిబర్టీ ఆయిల్ మిల్స్ వ్యాజ్యంలో 1984లో ఢిల్లీలోని సుప్రీంకోర్టు ఈ అధికారాన్ని పరిశీలించింది. తెలుగువారైన జస్టిస్ ఓ. చిన్నపరెడ్డి తీర్పు మధ్యేమార్గాన్ని చూపింది: ముందుగా వినకుండానే ఆపవచ్చును, పిమ్మట బాధితుడు విన్నవించుకొంటే ఆలకించి తీరవలెను.

అత్యవసరం వాదనను వాయిదా వేయగలదే గాని, రద్దు చేయజాలదు. ఈ హద్దు మీరినప్పుడు రాజ్యాంగం 226వ అధికరణం కింద హైకోర్టును ఆశ్రయించవచ్చును. న్యాయస్థానం అధికారి స్థానంలో కూర్చొనదు. నిర్ణయం జరిగిన తీరు న్యాయమైనదా అని చూస్తుంది.