డ్రైవింగ్ లైసెన్స్ గడువు దాటిందా? ‘నెల రోజుల వెసులుబాటు’ ఇప్పుడు లేదు.. రెన్యువల్ ఇలా చేసుకోండి

పల్నాడు జిల్లా రెంటచింతలకు చెందిన ఓ యువకుడు హైదరాబాద్‌లో ఉద్యోగం చేస్తున్నాడనుకుందాం. పండక్కి సొంతూరు వచ్చి, మాచర్ల వెళ్లేందుకు బైక్ తీశాడు. పర్సులో ఉన్న లైసెన్స్ చూస్తే గడువు ముగిసి పది రోజులైంది. ‘ఏం కాదులే, నెల రోజుల దాకా చెల్లుతుంది’ అని ఇంట్లోవాళ్లు ధైర్యం చెప్పారు. ఒకప్పుడు ఆ మాట నిజమే. ఇప్పుడు కాదు.

మోటారు వాహనాల చట్టంలోని సెక్షన్ 14 ప్రకారం గతంలో గడువు ముగిశాక మరో 30 రోజులు లైసెన్స్ చెల్లేది. 2019లో చట్టాన్ని సవరించినప్పుడు ఆ నిబంధన తీసేశారు. అదే ఏడాది సెప్టెంబరు 1 నుంచి ఇది అమల్లో ఉంది. అంటే కార్డు మీద ఉన్న తేదీ దాటిన మర్నాటి నుంచే ఆ లైసెన్స్ చెల్లదు.

ఉద్యోగం పోయేంత పని!

దీని తీవ్రత తెలంగాణ పోలీసు డ్రైవర్ పోస్టుల అభ్యర్థులకు బాగా తెలిసొచ్చింది. నోటిఫికేషన్ తేదీకి రెండేళ్లుగా ‘నిరంతరాయంగా’ లైసెన్స్ ఉండాలని 2022లో ఆ రాష్ట్ర పోలీసు నియామక మండలి షరతు పెట్టింది. కొందరి లైసెన్స్‌లు ఆ మధ్యలో గడువు ముగిసి, కొంత ఆలస్యంగా రెన్యువల్ అయ్యాయి. హైకోర్టు అభ్యర్థుల వైపు నిలిచినా సుప్రీంకోర్టు ఒప్పుకోలేదు. సవరణ తర్వాత గడువు ముగిసిన లైసెన్స్ ఒక్క రోజు కూడా కొనసాగదని, తర్వాత రెన్యువల్ చేయించుకున్నా మధ్యలో ఖాళీ ఖాళీగానే ఉంటుందని తేల్చింది.

మీ లైసెన్స్ ఎప్పటిదాకా?

సొంత బైక్, కారు నడిపేవారికి వయసును బట్టి గడువు మారుతుంది.

* 30 ఏళ్లలోపు తీసుకుంటే: 40 ఏళ్లు నిండేదాకా
* 30 నుంచి 50 ఏళ్లలోపు: 10 ఏళ్లు
* 50 నుంచి 55 ఏళ్లలోపు: 60 ఏళ్లు నిండేదాకా
* 55 ఏళ్లు, ఆపైన: ఐదేళ్లు
* ఆటో, లారీ వంటి రవాణా వాహనాలకు: ఐదేళ్లు

2019 సవరణకు ముందు తీసుకున్నవారు ఈ లెక్కలు వేసుకోవద్దు. అప్పట్లో 20 ఏళ్లు లేదా 50 ఏళ్ల వయసు, ఏది ముందైతే అంతవరకు ఇచ్చేవారు. 2006లో కాలేజీ రోజుల్లో తీసుకున్న లైసెన్స్‌కు 2026లో గడువు తీరిపోతుంది. కాబట్టి కార్డు మీద ఉన్న తేదీనే చూడండి. రవాణా, రవాణాయేతర వాహనాలకు తేదీలు విడివిడిగా ఉంటాయి. ఆటో, ట్రాలీ నడిపేవారు రెండూ సరిచూసుకోవాలి.

ఎప్పుడు దరఖాస్తు చేయాలి?

గడువు ముగియడానికి ఏడాది ముందు నుంచే దరఖాస్తు చేయొచ్చు. గడువు ముగిశాక కూడా ఏడాదిలోపు రెన్యువల్ చేస్తారు. కానీ రెన్యువల్ అయ్యేదాకా బండి నడపకూడదు. ఏడాది దాటితే మళ్లీ డ్రైవింగ్ పరీక్ష పాస్ కావాల్సిందే.

దరఖాస్తు ఎలా?

కేంద్ర రవాణా శాఖ ‘సారథి’ పోర్టల్‌లో దరఖాస్తు చేయాలి. సైట్ చిరునామా చివర ‘గవ్ డాట్ ఇన్’ ఉందో లేదో చూసుకోండి. వాట్సప్‌లో వచ్చే లింకులు, ఏపీకే ఫైళ్ల జోలికి వెళ్లొద్దు.

1. ముందుగా ఏ రాష్ట్రంలో సేవ కావాలో ఎంచుకోవాలి.
2. లైసెన్స్ సేవల్లోకి వెళ్లి లైసెన్స్ నంబరు, పుట్టిన తేదీ ఇవ్వాలి.
3. వివరాలు సరిచూసుకుని ‘రెన్యువల్’ ఎంచుకోవాలి.
4. అడిగిన పత్రాలు, ఫొటో, సంతకం అప్‌లోడ్ చేసి రుసుము చెల్లించాలి.
5. దరఖాస్తు నంబరును భద్రపరచుకోవాలి.

పరీక్ష అవసరం లేని రెన్యువల్‌ను ఆధార్ ధ్రువీకరణతో ఆఫీసుకు వెళ్లకుండానే పొందేలా కేంద్రం 2021లో వీలు కల్పించింది. ఇందుకు ఆధార్‌కు లింకైన ఫోన్ నంబరు వాడుకలో ఉండాలి, ఓటీపీ దానికే వస్తుంది. ఆధార్ వద్దనుకుంటే స్లాట్ తీసుకుని అసలు పత్రాలతో రవాణా శాఖ కార్యాలయానికి వెళ్లాలి.

40 ఏళ్లు నిండినవారు, రవాణా వాహనాలు నడిపేవారు ఎవరైనా సరే, డాక్టరు సంతకంతో ఫారం 1ఎ వైద్య ధ్రువపత్రం జత చేయాలి. దరఖాస్తు మొదలుపెట్టే ముందే దీన్ని సిద్ధం చేసుకుంటే మధ్యలో ఆగిపోదు.

లైసెన్స్ తీసుకున్న చోటికే వెళ్లాలా?

అక్కర్లేదు. చట్టంలోని సెక్షన్ 15 ప్రకారం ఏ లైసెన్సింగ్ అధికారి అయినా రెన్యువల్ చేయొచ్చు. హైదరాబాద్‌లోనో, బెంగళూరులోనో ఉంటున్నవారు ఆ రాష్ట్రాన్ని ఎంచుకుని అక్కడి చిరునామా రుజువు ఇవ్వాలి. చిరునామా మార్చడం ఇష్టం లేకపోతే సొంత రాష్ట్రం నుంచే దరఖాస్తు చేయడం మేలు.

ఖర్చెంత?

కేంద్ర నిబంధనల ప్రకారం రెన్యువల్ రుసుము రూ.200. స్మార్ట్ కార్డు ఇచ్చే చోట మరో రూ.200. రాష్ట్రాల సర్వీసు ఛార్జీలు అదనం. ఆలస్యమైతే రుసుము రూ.300 అవుతుంది. దానికి తోడు ఏడాదికి, లేదా అందులో కొంత భాగానికైనా, రూ.1,000 చొప్పున అదనపు రుసుము ఉంది. మీరు ఎంత కట్టాలో చెల్లింపు పేజీలో కనిపిస్తుంది.

దొరికితే ఏమవుతుంది?

చెల్లని లైసెన్స్‌తో బండి నడిపితే సెక్షన్ 181 కింద రూ.5,000 జరిమానా లేదా మూడు నెలల దాకా జైలు, లేదా రెండూ పడొచ్చు. తెలిసీ బండి ఇచ్చిన యజమానికి కూడా సెక్షన్ 180 కింద శిక్ష ఉంది.

అసలు ముప్పు ప్రమాదం జరిగినప్పుడే. బాధితులకు బీమా కంపెనీ పరిహారం చెల్లించినా, ఆ సొమ్మును వాహన యజమాని నుంచి రాబట్టుకునేలా కోర్టులు ఆదేశించొచ్చు. స్వరణ్ సింగ్ కేసులో 2004లో సుప్రీంకోర్టు ఇచ్చిన తీర్పు ఇందుకు దారి చూపింది. రూ.200 పని వాయిదా వేస్తే, లక్షల భారం ఇంటి మీద పడే అవకాశం ఉందన్నమాట.

డిజిలాకర్, ఎంపరివాహన్ యాప్‌లలోని లైసెన్స్ కూడా తనిఖీల్లో చెల్లుతుంది. అయితే యాప్‌లో ఉన్నా, జేబులో ఉన్నా గడువు తేదీ ఒక్కటే. ఇప్పుడే ఒకసారి తెరిచి ఆ తేదీ చూడండి. దానికి మూడు నెలల ముందు ఫోన్‌లో రిమైండర్ పెట్టుకోండి. ఇంట్లో నాన్నగారి కార్డు కూడా చూడటం మరవొద్దు.