ప్రతివాది అంటే పగవాడు కాదు

మా తాతగారి పొలం పంపకాల దావాలో నాన్న వాది, బాబాయి ప్రతివాది. మేనత్త పేరు ఎక్కడా లేదు. "ఇంటి ఆడపడుచుని కోర్టుకు ఎక్కిస్తే ఏం మర్యాద?" అన్నారు నాన్న. నాయనమ్మ ముందే పోయింది. తాతగారు వీలునామా రాయలేదు, పొలం ఆయన స్వార్జితం. 1956 హిందూ వారసత్వ చట్టం ప్రకారం అత్తకూ కొడుకులతో సమానంగా వాటా ఉంది. బాబాయి తరఫు వకీలు జవాబులో ఆ మాటే పట్టుకున్నారు.

కోర్టు వ్యవహారాలు చూసే సెక్షన్‌లో పనిచేశాక ఆ అభ్యంతరం బరువు నాకు తెలిసింది. సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డర్ 1, రూల్ 9 ప్రకారం పార్టీలు ఒకరు తగ్గినా పెరిగినా దావా ఓడిపోదు. అయితే 1976 సవరణ దీనికి ఒక మినహాయింపు చేర్చింది: తప్పిపోయినది 'ఆవశ్యక పార్టీ' అయితే ఈ రక్షణ లేదు. ఎవరు లేకుండా కోర్టు అమలయ్యే తీర్పు ఇవ్వలేదో వారే ఆవశ్యక పార్టీ. పంపకాల్లో వాటాదారులందరూ అలాంటివారే. ఒకరిని వదిలి పొలాన్ని ఎన్ని ముక్కలు చేయాలి?

తల్లి ఆస్తి కోసం ఒక కూతురు వేసిన దావా 1960లలో సుప్రీంకోర్టు దాకా వెళ్లింది. ఆస్తి తల్లిదేనని కోర్టు ఒప్పుకుంది. కానీ ఇద్దరు అన్నదమ్ములూ వారసులే, వారిని చేర్చలేదు. అభ్యంతరం మొదట్లోనే వచ్చినా ఆమె సరిదిద్దుకోలేదు. అన్నేళ్ల తర్వాత ఇక వీల్లేదంటూ దావా కొట్టేశారు. ఆ తీర్పు చదివినప్పుడల్లా నాకు మనసు చివుక్కుమంటుంది.

బ్యాంకుకూ ఇదే వర్తిస్తుంది. తనఖా దావాలో ఆ ఆస్తిపై హక్కున్నవారందరినీ చేర్చాలని ఆర్డర్ 34 చెబుతుంది. రుణగ్రహీత పోతే వారసుల వివరాలు బ్రాంచి నుంచి సరిగ్గా అందకపోతే వకీలు మాత్రం ఏం చేస్తారు? మన ఉద్యోగులు సీనియారిటీ మీద రిట్ వేసినా అంతే. యాజమాన్యాన్ని ఒక్కదాన్నే చేర్చి, ఎవరి ప్రమోషన్ పోతుందో వారిని వదిలేయకూడదు. మరీ ఎక్కువమంది ఉంటే వారి తరఫున కొందరినైనా చేర్చాలని 1984లో సుప్రీంకోర్టు చెప్పింది. పక్క సీటు మిత్రుణ్ణి ప్రతివాదిగా రాయడం ఇబ్బందే, నిజమే.

దావాలో ఎవరినైనా మరిచిపోయారని తెలిస్తే ఆర్డర్ 1, రూల్ 10 కింద చేర్చమని వెంటనే అడగాలి. నాన్న అదే చేశారు. నోటీసు అందగానే అత్త ఏడుస్తూ ఫోన్ చేసింది: "నేనేం తప్పు చేశానన్నయ్యా?" నాన్న ఆ సాయంత్రమే బస్సెక్కి వెళ్లి, కాగితం చదివి వినిపించి, నీ మాట కూడా కోర్టు వినాలనే ఈ నోటీసని చెప్పారు.

అత్త కాసేపు ఆలోచించి, "అయితే బావి పక్క చెక్క నాకడుగు" అంది. చివరికి లోక్ అదాలత్‌లో ముగ్గురూ రాజీ పడ్డారు. ఆ చెక్క ఆమెకే వచ్చింది.