గడ్డికోత మిషను: మర తిప్పేదెవరు? నష్టం కట్టేదెవరు?

కృష్ణలో మూసీ కలిసే చోటు మా వాడపల్లి. 1967లో నాగార్జునసాగర్ కాలువలకు నీళ్లు వదిలాక మిర్యాలగూడ ప్రాంతంలో వరి మాగాణి పెరిగింది. దాంతోపాటే గట్ల మీద గడ్డీ పెరిగింది. ఆ గడ్డిని కొడవళ్లతో మన అక్కచెల్లెళ్లు కోసేవాళ్లు. ఇప్పుడు భుజాన తగిలించుకునే పెట్రోలు మిషను వచ్చింది. తిరిగే నైలాను తీగతో గడ్డి కోయాలన్న ఆలోచన 1971లో అమెరికాలోని హ్యూస్టన్‌లో జార్జ్ బల్లాస్ అనే ఆయనకు వచ్చింది. కార్లు కడిగే చోట తిరిగే బ్రష్షులు చూసి, డబ్బాకు గాలపు తీగ కట్టి తన తోటలో ప్రయత్నించాడు. ఇంటి తోట కోసం పుట్టిన పనిముట్టు మన దగ్గర కూలివాడి భుజానికెక్కింది.

పోయిన వానాకాలం ఒక తమ్ముడు నా దగ్గరికొచ్చాడు. యజమాని మిషనుతో రోజుకూలికి గట్లు కోస్తున్నాడు. జోరు తగ్గిందని యజమాని ఎవరిచేతనో కార్బురేటర్ మర బిగించి తెచ్చాడు. "రెండు దినాలు గుర్రం లెక్క ఉరికిందన్నా. మూడోనాడు పగటాల్ల ఠక్కున ఆగింది. తాడు గుంజితే రాలే" అన్నాడు. పిస్టను పట్టేసింది. రిపేరు ఖర్చు కూలిలో కోస్తామన్నారు. మర తిప్పిన చెయ్యి ఒకరిది, కోత పడే కూలి ఇంకొకరిది! నలుగురం పోయి కూర్చుంటే గాని ఆ కోత ఆగలేదు. ఆ మర సంగతేమిటో మనమే తెలుసుకోవద్దా?

కార్బురేటర్ పని ఒక్కటే: గాలిలో పెట్రోలు తగు పాళ్లలో కలపడం. రెండు స్ట్రోకుల ఇంజన్లో ఆయిలు కూడా పెట్రోలుతోనే లోపలికి పోతుంది. మర బిగిస్తే పెట్రోలు తగ్గుతుంది, దానితో ఆయిలూ తగ్గుతుంది. కొంతసేపు జోరుగా తిరుగుతుంది, తర్వాత వేడెక్కి పిస్టను గీసుకుపోతుంది. మరీ వదిలితే పొగ కక్కుతుంది, ప్లగ్గు నల్లగా తడుస్తుంది. ప్లగ్గు లేత ఇటుక రంగుంటే మంచిది. సున్నంలా తెల్లబడితే ప్రమాదం.

మర ముట్టేముందు మిగతావి చూడాలి. ఎయిర్ ఫిల్టరు దులపాలి. సైలెన్సరు జాలీలో మసి తీయాలి. పెట్రోలు గొట్టం పగిలిందా, బోల్టులు వదులయ్యాయా చూడాలి. దొంగగాలి దూరితే ఎన్ని మరలు తిప్పినా లాభం లేదు. ఇప్పుడు పెట్రోల్లో 20 శాతం దాకా ఇథనాల్ కలుపుతున్నారు. అది తేమ పీలుస్తుంది, కార్బురేటర్లోని రబ్బరు పొరను పాడు చేయగలదు. కాబట్టి నెలల తరబడి నిలవున్న పెట్రోలు వాడొద్దు. యాభైకి ఒకటి పాలంటే లీటరుకు 20 మిల్లీలీటర్ల ఆయిలు, పాతికకు ఒకటంటే 40. ఏ పాలన్నది మిషను పుస్తకం చెబుతుంది. నాలుగు స్ట్రోకుల మిషనైతే ఆయిలు పెట్రోల్లో కలపరు, విడిగా పోస్తారు.

చాలా మిషన్లకు మూడు మరలుంటాయి: ఎల్, హెచ్, స్లో మర. ఎల్, హెచ్ మరలను కుడికి తిప్పితే పెట్రోలు తగ్గుతుంది, ఎడమకు తిప్పితే పెరుగుతుంది. స్లో మర కుడికి తిప్పితే వేగం పెరుగుతుంది. ఎల్, హెచ్‌లను బలంగా బిగిస్తే లోపలి సూది మొన చెడుతుంది, జాగ్రత్త.

ఇంజను వేడెక్కనివ్వండి. స్లోలో ఉంచి ఎల్ మరను అటూ ఇటూ మెల్లగా తిప్పి, ఎక్కువ వేగం వచ్చే చోటు పట్టండి. అక్కడి నుంచి చుట్టులో ఎనిమిదో వంతు ఎడమకు వదలండి. రేజు ఇస్తే గొంతు పట్టినట్టు ఆగుతుందా? ఇంకొంచెం వదలండి. తర్వాత తీగ పూర్తి పొడవున ఉంచి నిండు రేజు ఇవ్వండి. హెచ్ మరతో గరిష్ఠ వేగం చూసి, గొంతు కాస్త బొంగురుపోయే దాకా ఎడమకు వదలండి. గడ్డిలో పెట్టగానే ఆ బొంగురు పోయి నున్నగా మోగితే సరిపోయినట్టే. ఖాళీగా నిండు రేజు కొన్ని సెకన్లకు మించనివ్వొద్దు.

చివరికి స్లో మర. రేజు వదిలితే ఇంజను నడవాలి, తీగ తల మాత్రం కదలకూడదు. కదిలిందా, అది కాలు కోసే మిషనే! మర తగ్గించినా ఆగకపోతే క్లచ్ స్ప్రింగు చూపించండి, పనికి దిగొద్దు. కళ్లద్దాలు, బూట్లు యజమాని ఇవ్వాలని అడగండి. గట్టు మీది రాయి ఎగిరి కంటికి తగిలితే ఏ కూలీ ఆ కన్ను తేలేదు.

మిషను తీసుకునేటప్పుడు యజమాని ముందే నడిపి చూపించండి. మర ఎవరు ముట్టాలో, రిపేరు ఎవరిదో నలుగురిలో తేల్చుకోండి. కొడవలి పట్టేవాడికి దాని పదును తెలుసు. మిషను పట్టేవాడికి దాని మర తెలియాలి. అప్పుడే మన కూలి మన చేతికొస్తుంది.