పే స్లిప్పులో చర్చి

మన చర్చిల్లో ఆదివారం ఆరాధన మధ్యలో కానుకల సంచి వరసల వెంట కదులుతుంది. అందులో పది రూపాయలు వేయాలా, దశమభాగం వేయాలా అన్నది వేసేవాళ్ల ఇష్టం. జర్మనీలో ఆ సంచి పట్టుకుని తిరిగేది ప్రభుత్వ పన్నుల శాఖ. జీతం చేతికి రాకముందే ఆదాయపు పన్నుతో పాటు చర్చి పన్నూ కోసేస్తారు.

ఈ పన్ను జీతంలో 9 శాతం అనుకుని కొత్తగా వెళ్లినవాళ్లు గాబరా పడతారు. అది జీతంలో కాదు, కట్టే ఆదాయపు పన్నులో 9 శాతం. బవేరియా, బాడెన్-వుర్టెంబర్గ్ రాష్ట్రాల్లో 8 శాతం. నెలకు 800 యూరోల ఆదాయపు పన్ను పడే ఉద్యోగికి బెర్లిన్‌లో 72 యూరోలు, మ్యూనిక్‌లో 64 యూరోలు పోతాయి. ఆదాయపు పన్నే పడని విద్యార్థికి ఇదీ లేదు. వసూలు చేసి పెట్టినందుకు ప్రభుత్వం 2 నుంచి 4 శాతం దాకా తన కూలి మినహాయించుకుని మిగతాది చర్చికి జమ చేస్తుంది.

1949లో రెండు రాజ్యాంగాలు ఆమోదం పొందాయి. మే నెలలో జర్మనీది, నవంబరులో మనది. ఒక మతాన్ని పోషించడానికి కేటాయించే పన్ను కట్టమని ఎవరినీ బలవంతపెట్టరాదని మన 27వ అధికరణం చెబుతుంది. జర్మనీ మాత్రం 1919 నాటి వైమార్ రాజ్యాంగంలోని మత నిబంధనలను కొత్తదానిలోకి యథాతథంగా తెచ్చుకుంది. రాజ్యానికి అధికార చర్చి లేదని మొదట చెప్పి, అదే అధికరణంలో మత సంఘాలు తమ సభ్యుల దగ్గర పన్ను తీసుకోవచ్చని రాసుకుంది. కట్టేది సభ్యులే కాబట్టి ఇందులో అన్యాయం లేదని వాళ్ల వాదన. ఆ మేరకు సబబే.

నన్ను అడిగితే అభ్యంతరం పెట్టాల్సింది వేరేచోట. రైన్ నదికి పడమర భూములను ఫ్రాన్సుకు పోగొట్టుకున్న జర్మన్ రాజులు 1803లో చర్చి ఆస్తులను పరిహారంగా పంచుకున్నారు. దానికి బదులుగా చర్చి ఖర్చులు కొన్ని నెత్తికెత్తుకున్నారు. ఆ బాకీ కింద రాష్ట్రాలు ఇప్పటికీ ఏటా దాదాపు 60 కోట్ల యూరోలు చెల్లిస్తున్నాయి. హాంబర్గ్, బ్రెమెన్ మాత్రమే మినహాయింపు. ఇది చర్చి పన్ను సొమ్ము కాదు, అందరి పన్నుల సొమ్ము. నాస్తికుడి వాటా, అక్కడ ఉద్యోగం చేసుకునే హిందువు వాటా కూడా అందులో ఉంటాయి. ఈ బాకీ తెంచుకోవాలని 1919 రాజ్యాంగమే ఆదేశించింది. వందేళ్లు దాటినా తెగలేదు.

ఇక సభ్యుల సంగతి. 2010లో కాథలిక్, ప్రొటెస్టంట్ చర్చిలకు కలిపి 4.85 కోట్ల మంది ఉండేవారు. 2022 నాటికి 4 కోట్లకు దిగారు. పన్ను రాబడి మాత్రం సుమారు 900 కోట్ల యూరోల నుంచి 1300 కోట్లకు ఎక్కింది. జనం తగ్గుతుంటే డబ్బు ఎలా పెరిగింది? జీతాలు పెరిగాయి. పైగా యుద్ధం తర్వాత పుట్టిన పెద్ద తరం అప్పుడు నిండు సంపాదనలో ఉంది. ఆ తరం ఇప్పుడు పెన్షన్‌లోకి పోతోంది. గుడి ఖాళీ అయినా హుండీ నిండిన ఆ రోజులు ఎక్కువ కాలం సాగవు. 2024లో ఆదివారం పూజకు వచ్చిన కాథలిక్కులు 6.6 శాతమే.

పన్ను ఉన్నచోట పోయినవాళ్ల లెక్క కూడా కచ్చితంగా తేలుతుంది. మనదగ్గర చర్చికి వెళ్లడం మానేస్తే పాస్టరుగారు ఇంటికొచ్చి పలకరిస్తారు. అక్కడ చాలా రాష్ట్రాల్లో కోర్టుకో, పౌర నమోదు కార్యాలయానికో వెళ్లి, ఫీజు కట్టి, సంతకం పెట్టి బయటికి రావాలి. 2015 నుంచి పెట్టుబడుల లాభం మీద పడే చర్చి పన్నును బ్యాంకులే నేరుగా కోస్తాయని తెలిసిన 2014లో ఒక్క కాథలిక్ చర్చినే 2.17 లక్షల మంది వదిలారు. 2018లో గురువుల లైంగిక అఘాయిత్యాలపై చర్చి స్వయంగా చేయించిన అధ్యయనం 3,677 మంది బాధితులను లెక్కపెట్టింది. 2022 మొదట్లో అవే అఘాయిత్యాలపై మ్యూనిక్ నివేదిక వచ్చింది. ఆ ఏడాది కాథలిక్ చర్చి నుంచి వెళ్లిపోయినవాళ్లు 5,22,821 మంది. కోపం వచ్చినవాడికి చేతిలో ఉన్న ఆయుధం పన్ను ఆపడమే. అయితే విశ్వాసం ఉంచుకుని పన్ను మాత్రం మానేస్తానంటే కుదరదు. 2012లో బిషప్పులు ఇచ్చిన ఆదేశం ప్రకారం అలా వెళ్లినవారికి దివ్యసత్ప్రసాదం కూడా అందదు.

తెలుగువారికి ఇది దూరపు సంగతేమీ కాదు. నాయుడుపేట, సూళ్లూరుపేట వైపు 1865లో లూథరన్ సువార్త మొదలుపెట్టింది జర్మనీకి చెందిన హెర్మన్స్‌బర్గ్ మిషనే. మనదగ్గర జ్ఞానస్నానం పొందిన కాథలిక్కయినా, బాప్తిస్మం తీసుకున్న లూథరనయినా బెర్లిన్‌లో ఇంటి చిరునామా నమోదు చేసుకునే రోజు ఫారంలో మతం గడి నింపాలి. మరుసటి నెల పే స్లిప్పులో కోత కనిపిస్తుంది. చిక్కంతా బాప్టిస్టులకు. జర్మనీలో బాప్టిస్టు సంఘాలు ఈ పన్ను వేయవు. అయినా ఒంగోలు బాప్టిస్టు ఆ గడిలో ‘ప్రొటెస్టంట్’ అని మాత్రమే రాస్తే తనది కాని చర్చికి పన్ను కట్టాల్సి రావచ్చు. జర్మనీ వెళ్తున్న మీ పిల్లలకు ఒక మాట చెప్పి పంపండి: ఆ గడిలో మీ సంఘం పేరు పూర్తిగా రాయమని.