బావి గోడ, కొలను గోడ

బెళుగుప్ప చుట్టుపక్కల పల్లెల్లో పిల్లలకు ఈత వచ్చిందంటే అది బావి చలవే. వానలు కనికరించి బావిలో నీళ్లు నిలిచిన ఏడు, పెద్దవాళ్లు పిల్లాడి నడుముకు బెండు కట్టి గట్టు మీంచి దూకిస్తారు. వాడు తల పైకెత్తి, కాళ్లూ చేతులూ ఆడించి నాలుగు బారలు వేసేసరికి ఎదుటి గోడ తగులుతుంది. మునగకుండా తేలడం వచ్చింది. పోటీ ఈత మాత్రం ఇంకా మొదలు కాలేదు.

చుట్టూ నీళ్లే ఉన్న పసిఫిక్ దీవుల పిల్లలకు ఈ బాధ ఉండదనుకుంటాం. వాళ్లకూ ఉంది. మన బావిలో గోడ మరీ దగ్గర, వాళ్ల సముద్రంలో గోడే లేదు. ఒలింపిక్ ఈతకు సరిగ్గా 50 మీటర్ల దూరంలో గోడ కావాలి, పక్కన గడియారం పట్టుకున్న గురువు కావాలి.

అలాంటి దీవుల దేశమైన పాపువా న్యూ గినీ ఈతగాడు రయాన్ పినీ వాటి కోసమే ఆస్ట్రేలియాలోని బ్రిస్బేన్‌లో సాధన చేశాడు. ఆయనకు పేరు తెచ్చింది 100 మీటర్ల బటర్‌ఫ్లై. అందులో సగం దూరం ఈది, రెండు చేతులూ ఒకేసారి గోడకు తాకించి వెనక్కి తిరగాలి. ఒక చెయ్యి ఆలస్యమైతే పోటీలోంచి తీసేస్తారు. 2006 మెల్‌బోర్న్ కామన్వెల్త్ క్రీడల్లో పినీ ఇందులో స్వర్ణం గెలిచాడు. 2008లో బీజింగ్‌లో ఒలింపిక్ ఈత ఫైనల్ చేరిన తొలి పాపువా న్యూ గినీ క్రీడాకారుడయ్యాడు. ఎనిమిదో స్థానం వచ్చింది. అదే పోటీలో మైకేల్ ఫెల్ప్స్ 50.58 సెకన్లలో, మిలోరాడ్ చావిచ్ 50.59లో ముగించారు. గోడకు బిగించిన పలకను గట్టిగా నొక్కితేనే అక్కడ గడియారం ఆగుతుంది. సెకనులో నూరోవంతును తేల్చేది ఆ నొక్కుడే. బావిలో, సముద్రంలో అది అలవాటయ్యే దారి లేదు.

అయితే చిన్న దేశాల ఈతగాళ్లు ఒలింపిక్స్‌కు ఎలా వస్తారు? నేరుగా అర్హత సాధించినవాళ్లు లేని దేశం ఒక పురుషుణ్ణి, ఒక స్త్రీని పంపుకునే వీలుంది. దాన్ని యూనివర్సాలిటీ కోటా అంటారు. ఇది దీవులవాళ్లకే పరిమితమనుకోవద్దు. 2024 పారిస్‌కు మన శ్రీహరి నటరాజ్, 14 ఏళ్ల ధీనిధి దేశింగు వెళ్లింది ఈ కోటాలోనే. ఈత విషయంలో ఇంత పెద్ద దేశమూ ఆ దీవుల వరుసలోనే నిలబడి ఉంది.

కరువు సీమలో ఈత కొలనుకు నీళ్లెక్కడివని అడగవచ్చు. లెక్క చూద్దాం. 50 మీటర్ల పొడవు, 25 మీటర్ల వెడల్పు, 2 మీటర్ల లోతు ఉన్న కొలనుకు 25 లక్షల లీటర్లు పడతాయి. ఒక టీఎంసీ అంటే సుమారు 2,831 కోట్ల లీటర్లు. అంటే ఒక్క టీఎంసీతో అలాంటి కొలనులు 11 వేలకు పైగా నిండుతాయి. కొలను నీళ్లను రోజూ పారబోయరు, వడకట్టి మళ్లీ వాడతారు. ఆవిరైనంత మేరకు కొత్తవి పోస్తారు. హంద్రీ-నీవా కాలువ బెళుగుప్ప మండలంలోని జీడిపల్లి జలాశయానికి కృష్ణమ్మను తెచ్చింది. ఆ నీళ్లలో ముందు వాటా తాగడానికి, సేద్యానికి. అందులో సందేహం లేదు. కానీ జిల్లాకు ఒకటి రెండు కొలనులు ఆ వాటాను తగ్గించవు. పిల్లలు ప్రవాహపు కాలువల్లో ప్రాణాల మీదికి తెచ్చుకోకుండా ఈత నేర్చుకునే చోటూ కొలనే అవుతుంది.

బావిలో నాలుగు బారలు వేసిన పిల్లాడు తన వంతు చేశాడు. ఎదుటి గోడను 50 మీటర్ల అవతలికి జరపడం పెద్దవాళ్ల వంతు.