జాజ్‌కీ మన డప్పుకీ చుట్టరికం ఏంటి?

ఈ ఎపిసోడ్ టాపిక్ జాజ్ మ్యూజిక్. మరి థంబ్‌నెయిల్‌లో డప్పు బొమ్మ ఎందుకు పెట్టావు అని మీలో కొంతమందికి డౌట్ వచ్చే ఉంటుంది. చెప్తాను, అదే ఇవాళ్టి కథ.

మనలో చాలామందికి జాజ్ అంటే కాఫీ షాపులో వెనకాల మెల్లగా మోగే సంగీతం. లేదంటే పరీక్షలప్పుడు చదువుకుంటూ యూట్యూబ్‌లో పెట్టుకునే మూడు గంటల ప్లేలిస్ట్. కోట్లు వేసుకున్నవాళ్ళు, స్టార్ హోటళ్ళు, అదొక డబ్బున్నోళ్ళ పాట అన్న ఫీలింగ్ ఉంటుంది. కానీ ఆ సంగీతాన్ని పుట్టించిన మనుషుల్ని అప్పట్లో అలాంటి హోటళ్ళలోకి ముందు గుమ్మం నుంచి రానిచ్చేవాళ్ళు కాదు. లోపల స్టేజి మీద వాయించొచ్చు, లోపల టేబుల్ దగ్గర కూర్చుని తినడానికి మాత్రం లేదు.

ఈ ముక్క వినగానే మన ఊళ్ళు గుర్తొచ్చాయా? నాకైతే వచ్చాయి. అందుకే ఈ ఎపిసోడ్‌లో ఒకే ప్రశ్న పట్టుకుని వెళ్తాను. ఒక సమాజం ఒక మనిషి వాయించే చప్పుడుని ఇష్టపడుతూనే, ఆ మనిషిని గుమ్మం బయట ఎలా నిలబెట్టగలుగుతుంది?

చెరకు తోటలు, ఆదివారాలు

మాది చోడవరం. పాత విశాఖ జిల్లా, 2022 నుంచి అనకాపల్లి జిల్లా. మా చుట్టుపక్కల చెరకు ఎంత ముఖ్యమో మీకు తెలుసు. గోవాడ షుగర్ ఫ్యాక్టరీ, అనకాపల్లి బెల్లం మార్కెట్, అంతా చెరకు చుట్టూనే తిరుగుతుంది. జాజ్ పుట్టిన న్యూ ఆర్లీన్స్ కూడా చెరకు ప్రాంతమే. అమెరికా దక్షిణాన లూసియానా రాష్ట్రంలో, మిసిసిపీ నది ఒడ్డున ఉంటుంది. అక్కడ చెరకు నరికింది, గానుగ ఆడించింది, రసం కాచింది ఆఫ్రికా నుంచి పట్టుకొచ్చిన బానిసలు, వాళ్ళ పిల్లలు, మనవలు.

లూసియానా మొదట్లో ఫ్రెంచివాళ్ళ చేతిలో ఉండేది. 1724లో వాళ్ళు తెచ్చిన బానిస చట్టం ప్రకారం ఆదివారం పని చేయించకూడదు. ఆ ఒక్కరోజే బానిసలకి తమది. తర్వాత ఊరు అమెరికా చేతికి వచ్చింది. 1817లో నగర పాలకులు ఒక ఆర్డర్ వేశారు: బానిసలు ఆదివారం మాత్రమే, మేయర్ చూపించిన చోట మాత్రమే గుమిగూడాలి. అలా కాంగో స్క్వేర్ అనే మైదానం వాళ్ళకి మిగిలింది. ప్రతి ఆదివారం అక్కడ డోళ్ళు మోగేవి, గుండ్రంగా తిరుగుతూ ఆటలు ఆడేవాళ్ళు.

మిగతా చోట్ల ఆ మాత్రం కూడా లేదు. 1739లో సౌత్ కరోలినాలో బానిసలు తిరగబడ్డారు, డోళ్ళు మోగిస్తూ మనుషుల్ని పోగేశారు. మరుసటి ఏడాది, అంటే 1740లో, అక్కడి ప్రభుత్వం బానిసలు డోళ్ళు, బూరలు వాడకూడదని చట్టమే చేసింది. ఒక వాయిద్యానికి తుపాకీ పట్టుకున్నవాడు భయపడ్డాడంటే ఆలోచించండి. చప్పుడుతో కబురు వెళ్తుందని వాళ్ళకి తెలుసు. మనకీ తెలుసు కదా, దండోరా అంటే అదే.

అసలు జాజ్‌లో ఏముంది?

థియరీతో బోర్ కొట్టించను. మూడు విషయాలు పట్టుకుంటే చాలు.

ఒకటి, పిలుపూ జవాబూ. ఒకళ్ళు ఒక ముక్క అంటారు, మిగతావాళ్ళు బదులిస్తారు. మన ఊడుపుల్లో ఆడవాళ్ళు పాడేది ఎలా ఉంటుందో గుర్తుతెచ్చుకోండి. ఒకావిడ అందుకుంటుంది, వరసంతా వంత పాడుతుంది. బుర్రకథలో కథకుడికి అటూ ఇటూ వంతలు ఉంటారు. జాజ్ బ్యాండ్‌లో ట్రంపెట్ ఒక మాట అంటే క్లారినెట్ దానికి బదులు చెప్పడం ఇదే పద్ధతి.

రెండు, అప్పటికప్పుడు కట్టడం. కర్ణాటక సంగీతంలో మనోధర్మం అంటారు చూడండి, అలాంటిది. పాట వరస అందరికీ తెలుసు, కానీ సోలో వంతు వచ్చినప్పుడు ఎవరి ఊహ వాళ్ళది. నిన్న వాయించినట్టు ఇవాళ ఉండదు.

మూడు, తాళంతో దాగుడుమూతలు. దెబ్బ పడుతుందనుకున్న చోట ఖాళీ వదిలేసి, పడదనుకున్న చోట వేయడం. మంచి డప్పు దళాన్ని దగ్గర నుంచి చూస్తే మీకే తెలుస్తుంది. కుడి చేతిలో సిర్ర, ఎడమ చేతిలో సన్నటి పుల్ల, రెండూ రెండు మాటలు మాట్లాడుతుంటాయి. మన కాళ్ళు మనం చెప్పకుండానే కదులుతాయి.

ఇక్కడ ఒక క్లారిటీ. డప్పు నుంచి జాజ్ వచ్చిందనో, జాజ్ నుంచి డప్పు నేర్చుకుందనో నేను అనట్లేదు. దేనిదారి దానిదే. వాటిని వాయించిన మనుషుల బతుకుల్లో మాత్రం పోలిక ఉంది. ఈ పోలిక నా కల్పన కూడా కాదు. 1946లో అంబేద్కర్ గారు అమెరికాలోని నల్లజాతి మేధావి డుబాయిస్‌కి ఉత్తరం రాశారు. అమెరికాలో నల్లవాళ్ళ స్థితి, ఇక్కడ అంటరానివాళ్ళ స్థితి ఎంత దగ్గరగా ఉన్నాయో అందులో ప్రస్తావించారు.

చెప్పులు కుట్టే ఆయన ఎక్కిన రైలు

1865లో అమెరికాలో బానిసత్వం రద్దయింది. అయినా గోడలు పోలేదు, కొత్తవి కట్టారు. 1890లో లూసియానా ఒక చట్టం చేసింది: రైల్లో తెల్లవాళ్ళకో పెట్టె, నల్లవాళ్ళకో పెట్టె. 1892లో న్యూ ఆర్లీన్స్‌కి చెందిన హోమర్ ప్లెసీ కావాలనే తెల్లవాళ్ళ పెట్టెలో కూర్చుని అరెస్టయ్యాడు. ఆయన వృత్తి చెప్పులు, బూట్లు తయారుచేయడం. కేసు సుప్రీంకోర్టు దాకా వెళ్ళింది. 1896లో కోర్టు, విడివిడిగా ఉంచినా సౌకర్యాలు సమానంగా ఉంటే తప్పు లేదు అంది. మన టీ కొట్లలో రెండు గ్లాసుల పద్ధతికి కోర్టు స్టాంపు పడినట్టు అనుకోండి.

దీనికీ సంగీతానికీ సంబంధం ఏంటంటే, న్యూ ఆర్లీన్స్‌లో క్రియోల్ అనే ఒక వర్గం ఉండేది. ఫ్రెంచి, ఆఫ్రికన్ రక్తాలు కలిసినవాళ్ళు. కాస్త చదువు, కాస్త ఆస్తి, యూరప్ పద్ధతిలో నోట్స్ చూసి వాయించే శిక్షణ. వాళ్ళు నల్లవాళ్ళతో కలవకుండా కొంచెం పైన ఉండేవాళ్ళు. కొత్త చట్టాలు వాళ్ళనీ నల్లవాళ్ళ పెట్టెలోకే తోసేశాయి. అప్పుడు నోట్స్ చదివే చేతులు, చెవితో పట్టి వాయించే చేతులు ఒకే బ్యాండ్‌లోకి వచ్చాయి. మిలిటరీ బ్యాండ్లలో వాడే ట్రంపెట్, ట్రాంబోన్, క్లారినెట్ వాళ్ళ చేతుల్లో కొత్త భాష మాట్లాడాయి. మన పెళ్ళి ఊరేగింపుల్లో ఉండే బ్యాండు మేళం కూడా బ్రిటిష్ పటాలాల బ్యాండ్ నుంచి వచ్చిందే. అదే ఇత్తడి, వేరే దారి.

శవం ముందు సంగీతం

న్యూ ఆర్లీన్స్‌లో ఎవరైనా చనిపోతే బ్యాండ్ ముందు నడుస్తుంది. శ్మశానం దాకా నెమ్మదిగా, బరువుగా భక్తి పాటలు. మట్టి ఇచ్చాక తిరుగు దారిలో హుషారు పాటలు, వెనకాల జనం గొడుగులు ఊపుతూ డాన్సు. మన చావు డప్పు తెలిసినవాళ్ళకి ఇది వింతగా అనిపించదు.

కానీ ఇక్కడే పెద్ద తేడా ఉంది. అక్కడ నల్లవాళ్ళు తమలో తాము చందాలు వేసుకుని సంఘాలు పెట్టుకున్నారు. సభ్యుడు చనిపోతే ఖర్చూ, బ్యాండూ సంఘమే చూసుకునేది. అంటే తమ మనిషిని తాము గౌరవంగా సాగనంపడం. మన ఊళ్ళలో డప్పు చాలాచోట్ల వెట్టి. ఎవరింట్లో చావైనా కబురొస్తే వెళ్ళాల్సిందే. ఎక్కువగా మాదిగలు, ప్రాంతాన్ని బట్టి వేరే కులాలవాళ్ళు. కూలి ఇంత అని అడిగే హక్కు లేదు, రానని చెప్పే హక్కు అంతకన్నా లేదు. తోలు ముట్టుకుంటాడు కాబట్టి మనిషి తక్కువ, ఆ తోలు మోగకపోతే మాత్రం శవం కదలదు.

పేరు ఎవరికి, కూలి ఎవరికి

సాఫ్ట్‌వేర్ చేసినవాళ్ళకి ఇది వెంటనే అర్థమవుతుంది. ఏ లైన్ కోడ్ ఎవరు రాశారో కమిట్ హిస్టరీలో ఉంటుంది. ఎవరైనా ఆ హిస్టరీ చెరిపేసి ప్రాజెక్టుని తన పేరు మీద అప్‌లోడ్ చేస్తే మనకి ఒళ్ళు మండుతుంది. సంగీతంలో అది చాలా మామూలుగా జరిగిపోయింది.

జాజ్ పేరుతో మొదటి రికార్డు 1917లో వచ్చింది. వాయించిన ఐదుగురూ తెల్లవాళ్ళే. వాళ్ళకంటే ముందే ఆ ఊళ్ళో అందరూ పెద్దన్నగా చెప్పుకున్న నల్లజాతి కళాకారుడు బడ్డీ బోల్డెన్. ఆయన వాయించిన రికార్డు ఒక్కటి కూడా మనకి మిగల్లేదు. 1907లో పిచ్చాసుపత్రిలో చేర్చారు, 1931లో అక్కడే చనిపోయాడు. పేరు కూడా లేని సమాధిలో పూడ్చారు. లూయీ ఆర్మ్‌స్ట్రాంగ్ పేరు మీరు వినే ఉంటారు. ఆయన గురువు కింగ్ ఆలివర్ చివరి రోజుల్లో సవానా అనే ఊళ్ళో కూరగాయలు అమ్ముకుని, ఒక పూల్ హాల్ ఊడ్చే పని చేసి 1938లో కన్నుమూశాడు.

అయ్యో, వందేళ్ళ కిందటి సంగతి అనుకుంటున్నారా? 12 మెట్ల కిన్నెర వాయించే దర్శనం మొగులయ్య గారిని గుర్తు తెచ్చుకోండి. ‘భీమ్లా నాయక్’ పాటతో ఆయన గొంతు మన ఫోన్లన్నిటిలో మోగింది. 2022లో పద్మశ్రీ వచ్చింది. 2024లో ఆయన కూలి పనికి వెళ్తున్న వార్త, వీడియో కూడా మన ఫోన్లలోకే వచ్చింది. కింగ్ ఆలివర్ చేతిలో చీపురు, మొగులయ్య గారి చేతిలో సిమెంటు పని. మధ్యలో 86 ఏళ్ళు.

చప్పుడు ఎదురు తిరిగినప్పుడు

కథ ఏడుపుతో ఆగలేదు. 1939లో బిల్లీ హాలిడే, నల్లవాళ్ళని చంపి చెట్లకి వేలాడదీయడం మీద పాట పాడింది. 1957లో లిటిల్ రాక్ అనే ఊళ్ళో నల్లపిల్లల్ని స్కూల్లోకి రానివ్వకపోతే, ప్రభుత్వం తరఫున సోవియట్ యూనియన్ వెళ్ళాల్సిన ఆర్మ్‌స్ట్రాంగ్ నేను వెళ్ళను అనేశాడు. ఎప్పుడూ నవ్వుతూ కనిపించే మనిషి అలా అనేసరికి దేశం మొత్తం ఉలిక్కిపడింది.

మన దగ్గరా అంతే. బ్రిటిష్ ప్రభుత్వమూ, నిజాం ప్రభుత్వమూ బుర్రకథని నిషేధించాయి. అదే బుర్రకథని పేద కుటుంబం నుంచి వచ్చిన షేక్ నాజర్ గారు ఊరూరా తీసుకెళ్ళారు, 1986లో పద్మశ్రీ అందుకున్నారు. మన ఉత్తరాంధ్రకి వస్తే పార్వతీపురం దగ్గర పెదబొండపల్లిలో పుట్టిన వంగపండు ప్రసాదరావు గారు. విశాఖ షిప్‌యార్డులో పని చేస్తూ, టీవీల్లో ఎగతాళి చేసే మన యాసలోనే వందల పాటలు కట్టారు. అటు తెలంగాణలో గద్దర్. 1994లో ప్రకాశం జిల్లా ఈదుముడిలో మొదలైన మాదిగ ఉద్యమం తనకి పెట్టుకున్న పేరు దండోరా. ఏ డప్పు చూపించి తక్కువ చేశారో, అదే డప్పు జెండా అయింది.

మరి డప్పు ఉండాలా, పోవాలా?

ఇది దళిత కుటుంబాల్లోనే నడుస్తున్న వాదన. కొందరు, అది మా మెడకి కట్టిన గుదిబండ, మా పిల్లలు ముట్టుకోరు అంటారు. కొందరు, అది మా కళ, వదిలేస్తే మనకే నష్టం అంటారు. జాజ్‌లోనూ ఇదే గొడవ. డ్యూక్ ఎలింగ్టన్ అంతటివాడికి జాజ్ అనే పేరే నచ్చేది కాదు.

బయట నుంచి నేను తీర్పు చెప్పను. నాకు కనిపించేది ఇది: వాయించేవాడు రాను అని చెప్పగలిగి, రేటు తనే చెప్పగలిగితే అది కళ. ఆ రెండూ లేకపోతే మనం ఎంత చప్పట్లు కొట్టినా అది వెట్టే. ఆంధ్రప్రదేశ్‌లో డప్పు కళాకారులకి విడిగా నెలవారీ పెన్షన్ ఉంది, 2024లో దాన్ని 4,000 రూపాయలు చేశారు. మంచిదే. కానీ అది వయసు పైబడ్డాక వచ్చేది. ఇవాళ జాతరలో రాత్రంతా వాయించిన కుర్రాడికి ఎంత ఇచ్చాం, ఎక్కడ కూర్చోబెట్టి అన్నం పెట్టాం అనేది మన చేతిలో ఉన్న సంగతి.

ఈసారి మీ ఊళ్ళో నూకాలమ్మ పండగకో, పెళ్ళికో డప్పు దళం వస్తే రీల్ తీయండి, తప్పు లేదు. తీసే ముందు ఒకసారి అడగండి. ‘సూపర్ బీట్’ అని రాసి వదిలేయకుండా, వాళ్ళు సరేనంటే వాళ్ళ పేర్లు, ఊరు పేరు, పిలవాలంటే ఎలా పిలవాలో కూడా రాయండి. బడ్డీ బోల్డెన్ ఎలా వాయించాడో వినడానికి ప్రపంచంలో ఎవరి దగ్గరా ఏమీ లేదు. మన జేబుల్లో మాత్రం రికార్డింగ్ స్టూడియో ఉంది.

మీ ఊరి దళం పేరు కామెంట్స్‌లో పెట్టండి, నేను చదువుతాను. వచ్చే ఎపిసోడ్‌లో కలుద్దాం. ఉంటానండి.